మా పిలగానికి బోర్ల పిచ్చి పట్టింది, ఏం చేయాలె?

పానగల్లు_అమ్మ
నల్గొండల పానగల్లు దిక్కు కొత్తగా పడ్డ కాలనీల ఉంటం. బాబుకు ఏడేండ్లు, రెండో తరగతి. జేసీబీలు, ట్రాక్టర్లంటే పడిచచ్చే పిల్లలను మస్తుమందిని చూసిన. వీనిది అది కాదు. వీనికి బోర్లు కావాలె. బండి ఒక్కటే కాదు, నేల లోపల ఏమున్నదో కావాలె.

చుట్టుపక్కల ఎక్కడ బోరు పడ్డా, బండి పోయినంక ఆ బూడిద కుప్ప కాడ కూసుంటడు. పాల ప్యాకెట్లు కడిగి, దండెం మీద ఆరబెట్టి, పొడి నింపి, రబ్బరు బ్యాండు వేసి, పైన స్కెచ్ పెన్నుతోని "60 ఎర్ర", "140 బూడిద", "220 మెరుపు" అని రాస్తడు. మంచం కింద ఒక అట్టపెట్టె నిండింది, రెండోది మొదలైంది.

ఇంటికి ఎవరొచ్చినా మంచినీళ్లు ఇచ్చేలోపే "మీ బోరు ఎన్ని ఫీట్లు, నీళ్లెక్కడ తగిలినయ్" అని మొదలు. మొన్న మా ఆడిబిడ్డ బిడ్డ పెండ్లిల అక్షింతలు వేసుడు అయినంక పెండ్లికొడుకునే అడిగిండు. ఆ పిలగాడు నవ్వి "మా అమ్మకు తెలుసు" అన్నడు. వీడు స్టేజీ దిగి ఆమెను దేవులాడుకుంట పోయిండు.

మా ఆయన నవ్వుతడు. మా అత్తమ్మ దిష్టి తీస్తది. బడిల టీచరు మాత్రం నన్ను పిలిచి డ్రాయింగు పుస్తకం ముందల పెట్టింది. "మా ఇల్లు" గీయమన్నరట. వీడు పేజీ పైమూలకు అగ్గిపెట్టెంత ఇల్లు గీసి, అక్కడి నుంచి అడుగు దాక ఒక నిలువు గీత గీసి, గీతకు రెండు దిక్కుల పొరలు పొరలుగ రంగులేసిండు. అమ్మ లేదు, నాయిన లేదు, చెట్టు లేదు. "ఎవరికన్న చూపించండి" అన్నది టీచరు. నవ్వకుండ చెప్పండి, భయపడాల్నా?

ఎడమకాల్వ
నవ్వకుండ అంటే కష్టమే అక్కా. మా మిర్యాలగూడ దిక్కు పంపు, పొలం గట్టు మీద నిలబడి సాగర్ ఎడమ కాల్వ నీళ్లు చూస్తే బోరు సంగతే మరుస్తడు.

వేపచెట్టు నీడ
ఫోను పట్టుకుని మూల కూసునే పిల్లల తల్లులను అడుగమ్మా నీ అదృష్టమేందో చెప్తరు. అయినా మంగళవారం ఒకసారి ఎండుమిరపకాయలు తిప్పి పొయ్యిల వెయ్యి. పోయేదేముంది.

రాడ్లబండి
చెల్లె, నేను దేవరకొండల బోరు ఏజెంటును. నువ్వు రాసిన నంబర్లు చూసి చాయ్ పక్కకు పెట్టిన. 60, 140, 220. ఇవి గాలిల రాసిన నంబర్లు కావు. మా రాడ్డు ఒక్కోటి 20 ఫీట్లు. మూడో రాడ్డు, ఏడో రాడ్డు, పదకొండో రాడ్డు. మీవోడు పక్కన నిలబడి రాడ్లు లెక్కబెట్టిండన్నట్టు. అవునా కాదా అడుగు.

పానగల్లు_అమ్మ
అడిగిన అన్నా. "అవును, ఇంకెట్ల తెలుస్తది" అని నన్నే తిక్కదాన్ని చూసినట్టు చూసిండు. కుడి జేబుల గులకరాళ్లు పోసుకుంటడట. రాడ్డు మారినప్పుడల్లా ఒక రాయి ఎడమ జేబులకు. అందుకే నిక్కరు ఉతికేటప్పుడు రోజూ రాళ్లు. ఇంకో సంగతి, వానికి 20వ ఎక్కం 40 దాక వచ్చు. 7వ ఎక్కం ఇప్పటికీ రాదు.

లెక్కల సారు
ఏడో ఎక్కం వచ్చి ఇరవయ్యో ఎక్కం రాని పిల్లలు నా క్లాసులో అరవై మంది ఉన్నారు. మార్చుకుందామా?

మొరంగడ్డ
భూగర్భ జలాల పనిలో చాలాకాలం ఉండి రిటైరయ్యాను. అమ్మా, మీ బాబు చేస్తున్న పని మేము జీతం తీసుకుని చేసేవాళ్లం. బోరు వేసేటప్పుడు ఇన్ని అడుగులకొకసారి, రాయి మారినప్పుడల్లా తప్పనిసరిగా, బయటికొచ్చే పొడి తీసి సంచిలో కట్టి లోతు రాయడం. పాల ప్యాకెట్టు తప్ప తేడా ఏమీ లేదు.

అతని రంగులు కూడా సరిగ్గా ఉన్నాయి. పైన ఎరుపు అంటే మొరం, అంటే కుళ్లిన రాయి. దాని కింద బూడిదరంగు మన నల్గొండ గ్రానైటు. ఇది 250 కోట్ల ఏళ్ల నాటి రాయి, కొన్నిచోట్ల గులాబీగా ఉంటుంది, కొన్నిచోట్ల బూడిదగా. "మెరుపు" అన్నది అబ్రకం అయి ఉండాలి. ఒకటి అడగండి. బూడిద పొడి మధ్యలో ఎప్పుడైనా తుప్పురంగు పొడి, కొంచెం పెద్ద పలుకులతో వచ్చిందా అని. వచ్చి ఉంటే అక్కడ రాయిలో పగులు ఉన్నట్టు. నీళ్లు తిరిగిన చోట రాతిలోని ఇనుము తుప్పు పడుతుంది.

రాడ్లబండి
సారు చెప్పింది మేము "గ్యాప్ తగిలింది" అంటం. డ్రిల్లరు మిషను సప్పుడు మారుడుతోనే పట్టేస్తడు. హ్యామరు ఒక్కసారి జారినట్టయితది.

పానగల్లు_అమ్మ
సార్, ఉన్నయ్. ఆ ప్యాకెట్ల మీద "బెల్లం" అని రాసిండు. నేను నిజంగనే బెల్లం అనుకుని ఒకటి పారేయబోయిన, ఇల్లు పీకి పందిరేసిండు.

సందేహం శంకరం
అందరూ మెచ్చుకుంటున్నారు కానీ నేను సూటిగా చెప్తాను, ఏమనుకోకండి. ఇది ఆటిజం లక్షణం. ఒకే విషయం పట్టుకోవడం, వస్తువులు వరుసగా పేర్చడం. మా బంధువుల అబ్బాయికి ఇట్లాగే ఫ్యాన్లు. ఆలస్యం చేస్తే తర్వాత బాధపడతారు.

పానగల్లు_అమ్మ
ఏమనుకోను గని, మూడు లైన్లు చదివి రోగం పేరు పెట్టుడు కూడ బాగలేదు.

చిట్టి చేతులు
ఇద్దరూ ఒక్క నిమిషం. నేను ప్రత్యేక అవసరాల పిల్లలతో పనిచేస్తాను. ఇక్కడి రాతలు చూసి అవుననీ చెప్పలేం, కాదనీ చెప్పలేం. ఒక్కటి మాత్రం చెప్పొచ్చు: ఏ వస్తువు మీద ఇష్టం అన్నది పెద్దగా ఏమీ చెప్పదు. ఒకడికి రైళ్లు, ఒకడికి డైనోసార్లు. డైనోసార్లయితే మనం "తెలివైనోడు" అంటాం, బోరు పొడి అయితే డాక్టరు దగ్గరికి తీసుకుపోదామంటాం.

చూడాల్సినవి వేరే ఉన్నాయి అక్కా. పేరు పెట్టి పిలిస్తే తిరుగుతాడా? మాటలు వయసుకు తగ్గట్టు వచ్చాయా? తనకు ఆసక్తి ఉన్నది ఎదుటివాళ్లకు చూపించి పంచుకుంటాడా, లేక ఎదుటి మనిషి ఉన్నా లేనట్టే మాట్లాడతాడా? వేరే పిల్లలతో ఆడతాడా? మధ్యలో ఆపితే కాసేపు అలిగి తేరుకుంటాడా, గంటలకొద్దీ తేరుకోలేకపోతాడా? తిండి, నిద్ర, బడి దెబ్బతింటున్నాయా? పెండ్లికొడుకును అడగడం, ఆయన చెప్పిన మనిషిని వెతుక్కుంటూ పోవడం నాకైతే మనుషులతో కలిసే పిల్లవాడిలాగే అనిపించింది. అయినా చూపించుకోవడంలో తప్పు లేదు. జిల్లా ప్రభుత్వ ఆసుపత్రుల్లో పిల్లల కోసం డైక్ అని కేంద్రాలుంటాయి, పద్దెనిమిదేళ్ల లోపు వాళ్లందరినీ చూస్తారు. పెద్ద పరీక్షలు కావాలంటే సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో జాతీయ సంస్థ ఉంది. ఒకవేళ ఏదైనా ఉందని తేలినా, ఆ పాల ప్యాకెట్లు పారేయమని ఎవరూ చెప్పరు. వాటితోనే పాఠం మొదలుపెడతాం.

పానగల్లు_అమ్మ
పిలిస్తే పలుకుతడు మేడం, "ఆగమ్మా" అని. ఆడుతడు. కాకపోతే వాని ఆట ఏందంటే పక్కింటి ఇద్దరు పిల్లలను కూసోబెట్టి ఒకన్ని డ్రైవరు, ఒకన్ని హెల్పరు చేసి, ప్లాస్టిక్ పైపు మట్టిల గుచ్చుకుంట "ఫెయిల్, ఫెయిల్, ఇంకో రాడ్డు దించు" అని అరుసుడు. నిద్ర బాగనే పోతడు. బండి వచ్చిన రోజు మాత్రం అన్నం తినడు. ఆసుపత్రికి పోతం, మీరు చెప్పిన తీరు నచ్చింది.

పాలమూరి పిల్ల
మాది మహబూబ్‌నగర్, ఏనుగొండ. మా బిడ్డకు ఎనిమిదేండ్లప్పుడు కరెంటు మీటర్ల పిచ్చి. పొద్దున బ్రష్షు నోట్లె పెట్టుకుని గల్లీల అన్ని మీటర్ల రీడింగు నోటుబుక్కుల రాసేది. "అమ్మా, వాళ్లింట్ల రాత్రి ఏసీ నడిచింది" అని వచ్చి చెప్పేది. ఒకాయన ఇంట్ల మనుషులు ఊరికి పోయినా మీటరు తిరుగుతుందని పట్టింది కూడ. చూస్తే గోడల వైరు లీకు. ఇగ ఒకరోజు లేచి మానేసింది. ఎందుకని అడిగితే "అయిపోయింది" అన్నది, అంతే. ఇప్పుడు పదో తరగతి. ఆ నోటుబుక్కు నేనే దాచిన, దానికైతే గుర్తు కూడ లేదు. ఫోటోలు తీసి పెట్టుకో అక్కా, అది ఎప్పుడు పోతదో తెల్వది.

రాడ్లబండి
మెచ్చుకునేటోళ్లందరు ఇది కూడ సదువుండ్రి. బోరు పొడి మంచిది కాదు. నీళ్లు తగిలేదాక వచ్చేదంతా పొడి దుమ్మే. మా దగ్గర చేసిన హెల్పర్లల్ల దగ్గుతోని పని మానేసినోళ్లు ఉన్నరు. బండి నడుస్తుంటే పిలగాన్ని కాడికి రానియ్యకు.

మొరంగడ్డ
ఆయన చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం. గ్రానైటు పొడిలో పలుగురాయి, అంటే సిలికా ఉంటుంది. కంటికి కనపడనంత సన్నని దుమ్మే ఊపిరితిత్తుల్లోకి పోయి అక్కడే ఉండిపోతుంది. బాబు పొడిపొడిగా ఉన్నది ఎత్తకూడదు. బండి పోయాక, కుప్ప మీద నీళ్లు చల్లి, తడి ముద్ద తీసుకోమనండి. ఆరాక ప్యాకెట్టు విప్పి ఊదడం, చేత్తో దులపడం వద్దు. పాల ప్యాకెట్టు బదులు మూత గట్టిగా ఉండే చిన్న సీసాలు ఇవ్వండి, రంగు కూడా బాగా కనపడుతుంది. ఇంకోటి, కంప్రెసరు శబ్దం చిన్న చెవులకు చాలా ఎక్కువ.

మర్రిగూడ మనిషి
ఆ పొడి నోట్ల పెట్టుకుంటడా అక్కా? ఎందుకడుగుతున్ననంటే చిన్నప్పుడు మేం బలపాలు, మట్టి తిన్నోళ్లమే.

పానగల్లు_అమ్మ
పొడి తినడు అన్నా. నీళ్లు తాగి చూస్తడు. ఏ ఇంటికి పోయినా బోరు నల్ల కింద దోసిలి పట్టి, నాలుక మీద ఆపి, "సప్ప", "ఉప్పు", "తియ్య" అని తీర్పు చెప్తడు. అది కూడ పుస్తకంల రాస్తడు. పుస్తకం ఒకటున్నది, దాని సంగతి తర్వాత చెప్తా.

మర్రిగూడ మనిషి
అది మాన్పించు. కోప్పడకు, కూసోబెట్టి చెప్పు. ఫ్లోరైడుకు రుచి లేదు, రంగు లేదు, వాసన లేదు. మా ఊరి బోరింగు నీళ్లు తియ్యగ ఉంటయని పక్క ఊరోళ్లు బిందెలు పట్టుకుని వచ్చేటోళ్లు. ఆ తియ్యటి నీళ్లు తాగే మా పెదనాయిన నలభై ఏండ్లకు మెడ తిప్పలేకపోయిండు, ఎవరన్న వెనక నుంచి పిలిస్తే మనిషంతా తిరిగేది. మా పండ్లు చూస్తే ఇప్పటికీ "మర్రిగూడనా, మునుగోడా" అని అడుగుతరు.

లీటరుకు ఒక మిల్లీగ్రాము దాక మంచిది, ఒకటిన్నర దాటితే తాగొద్దని లెక్క. ఇంకో నీళ్లు లేకపోతేనే ఆ ఒకటిన్నర దాక. నీళ్లల్ల పటిక, సున్నం కలిపి ఫ్లోరైడు తీసే పద్ధతికి నాగ్‌పూర్ నీరీ (పర్యావరణ పరిశోధన సంస్థ) వాళ్లు పెట్టిన పేరే "నల్గొండ టెక్నిక్". ఊరికి పేరు రావాల్సిన తీరు అది కాదు గని, వచ్చింది. ఇప్పుడు మిషన్ భగీరథ కింద కృష్ణ నీళ్లు వస్తున్నయ్, పిలగానికి అవే తాపు. రుచి చూసే బదులు పరీక్ష కిట్టు కొనియ్యి. నీళ్లల్ల చుక్కల మందు వేస్తే గులాబీ రంగు వస్తది, ఫ్లోరైడు పెరిగినకొద్ది పసుపు దిక్కు తిరుగుతది. నాలుక మీద కన్న అదే వానికి నచ్చుతది, చూడు. మందు మాత్రం పెద్దోళ్లు వెయ్యాలె.

ఎడమకాల్వ
పుస్తకం పుస్తకం అని ఊరించి ఎటుపోయినవ్ అక్కా?

పానగల్లు_అమ్మ
ఇదిగో, వాడు పడుకున్నంక తెచ్చిన. వాడు రాసింది రాసినట్టే కొడుతున్న. ఇల్లు, బోరు పడ్డ ఏడు, ఎన్ని ఫీట్లు, నీళ్ల ధార ఎన్ని ఇంచులు, నీళ్ల రుచి, ఆ వరుసల.

"మూల మీది ఇల్లు. 2006. 180. ఇంచున్నర. ఇప్పుడు ఎండింది. తాత ఏడ్చిండు."
"పచ్చ గేటు. 2013. 320. ఒక ఇంచు. ఉప్పు."
"మా ఇల్లు. 2017. 460. ముప్పావు. సప్ప. మోటరు రెండుసార్లు కాలింది."
"టైలర్ ఆంటీ. 2019. 640. ఫెయిల్. ఆంటీ చెప్పొద్దన్నది."
"గోనె సంచి. ఎవరిదో తెల్వదు. ?"
"డూప్లెక్స్ అంకుల్. 2023. 820. దుమ్ము. అంకుల్ 600 అని అబద్ధం చెప్పిండు. నేను లెక్కపెట్టిన. 41."

ఇట్ల మొత్తం కాలనీ. పేర్లు తీసేసిన.

రాడ్లబండి
41 రాడ్లు, 820. లెక్క కరెక్టు. ఆ అంకులు 600 అని ఎందుకన్నడో నాకు తెలుసు. 300 ఫీట్లు దాటినకాడికెళ్లి వంద వందకు ఫీటు రేటు పెరుగుతది. ఎంత పెట్టిండో ఇంట్ల తెలిస్తే తిడ్తరు.

మొరంగడ్డ
అమ్మా, ఈ పుస్తకం జాగ్రత్త పెట్టండి. ఒక కాలనీ కథ ఇంత శుభ్రంగా నేను ఆఫీసులో కూడా చూడలేదు. సంవత్సరం పెరిగిన కొద్దీ లోతు పెరిగింది, నీళ్లు తగ్గాయి. మన గ్రానైటులో నీళ్లు నిలిచేది పైనున్న మొరంలో, దాని కింద పగుళ్లున్న పొరలో. సాధారణంగా 300 అడుగులు దాటాక పగుళ్లు బాగా తగ్గిపోతాయి. 820 అడుగులకు పోవడమంటే లాటరీ టికెట్టు కొనడమే. పచ్చ గేటు వాళ్లు 320లో తాగుతున్న నీళ్లు మూల మీది తాత 180లో తాగినవే.

పాలమూరి పిల్ల
సార్ ఒక డౌటు. పానగల్లులో ఉదయసముద్రం ఉంది కదా, నిండా కృష్ణ నీళ్లు. పక్కనే కాలనీ. మరి బోర్లు ఎట్ల ఎండుతయ్?

మొరంగడ్డ
మంచి ప్రశ్న. చెరువు నీళ్లు నేలంతా పరుచుకోవు, రాతిలో పగులు ఎటు పోతే అటే పోతాయి. ఆ పగులు మీ ప్లాటు కిందికి రాకపోతే చెరువు కనపడే దూరంలో కూడా దుమ్మే వస్తుంది. అడ్డంగా నల్లరాయి గట్టు ఉంటే ఇవతల ఎండుతుంది, అవతల ఊరుతుంది. చౌటుప్పల్ దగ్గర హైదరాబాద్ భూభౌతిక పరిశోధన సంస్థ, ఎన్‌జీఆర్‌ఐ వాళ్లు ఫ్రెంచి శాస్త్రవేత్తలతో కలిసి ఈ ఒక్క సంగతి కోసమే ఒక పరిశోధన క్షేత్రం పెట్టారు. పొలమంతా బోర్లే, నీళ్లు తోడుకోవడానికి కాదు, రాయిని చదవడానికి. మీ బాబుకు చెప్పకండి, రేపే బస్సెక్కుతాడు.

లెక్కల సారు
అందరూ 820 మీద పడ్డారు. ఆ పై లైను ఎవరూ చూడలేదా? "గోనె సంచి. ఎవరిదో తెల్వదు." లోతు దగ్గర ప్రశ్నార్థకం. మేడం, అది ఏమిటి?

పానగల్లు_అమ్మ
పొద్దున అడుగుత సార్.

రాడ్లబండి
పొద్దున కాదు చెల్లె. ఇప్పుడే లేపి అడుగు. మీ ఆయనను టార్చిలైటు పట్టుకుని పొమ్మను. ఖాళీ ప్లాటుల ఫెయిలయిన బోరు మీద గోనె సంచి కప్పి రాయి పెట్టుడు మా దిక్కు అందరు చేసే పనే.

వేపచెట్టు నీడ
అయ్యో దేవుడా. అమ్మా పో, జల్ది పో.

పానగల్లు_అమ్మ
పోయివచ్చిండ్రు. మా వెనక గల్లీల, డూప్లెక్స్ వెనక ఖాళీ ప్లాటు. సర్కారు తుమ్మల మధ్యల. సిమెంటు సంచి, దాని మీద ఒక ఇటుక. సంచి తీస్తే నేలకు సమానంగ కోసేసిన కేసింగు పైపు, ఆరున్నర ఇంచులు. మా ఆయన టార్చి కొడితే అడుగు కనపడలేదట. ప్రస్తుతానికి మా ఇంటి ముంగట ఉన్న బండరాయి దొర్లించి పెట్టిండ్రు. వాన్ని లేపి అడిగితే "నేను దగ్గరికి పోలే, పిచ్చోన్నా, సంచి కనపడుతది గదా" అని మళ్ల పడుకున్నడు. నాకు నిద్ర పట్టేటట్టు లేదు.

సందేహం శంకరం
మేడం, నా మొదటి మాట సంగతి ఎట్లున్నా, ఆ ప్లాటు యజమాని మీద కంప్లైంటు ఇవ్వండి.

మొరంగడ్డ
దీనికి సుప్రీంకోర్టు 2010లోనే మార్గదర్శకాలు ఇచ్చింది, పిల్లలు బోర్లలో పడిపోతున్న కేసుల మీద. పాడుబడిన బోరును అడుగు నుంచి నేల మట్టం దాకా మట్టి, ఇసుక, రాళ్లు, బోరు పొడి, ఏదో ఒకదానితో పూర్తిగా నింపాలి. వాడుకునే బోరయితే కేసింగు మీద ఇనుప పలక వెల్డింగు చేయాలి, లేదా బోల్టులతో బిగించే గట్టి మూత పెట్టాలి. చుట్టూ అర మీటరు పొడవు, అర మీటరు వెడల్పు కాంక్రీటు దిమ్మె, నేల పైన 30 సెంటీమీటర్లు, కింద 30. మోటరు రిపేరుకు తీసినప్పుడు కూడా తెరిచి వదలకూడదు. ఇది పట్టణంలో మున్సిపాలిటీ చూడాల్సిన పని. రాతపూర్వకంగా ఇవ్వండి, నకలు మీద స్టాంపు వేయించుకోండి.

ఎడమకాల్వ
బోరు పొడితోని నింపొచ్చా సార్? అయితే మంచం కింది పెట్టెలు...

పానగల్లు_అమ్మ
తమ్మీ, ఆ మాట వానికి వినపడనియ్యకు.

లెక్కల సారు
మూసే ముందు ఒక సంగతి. చిన్న రాయి వదిలి, నీళ్ల చప్పుడు వినపడేదాకా సెకన్లు కొలవండి. ఆ సెకన్లను అదే సంఖ్యతో గుణించి, 16తో గుణిస్తే దాదాపుగా ఎన్ని అడుగుల కింద నీళ్లున్నాయో వస్తుంది. బాబు పక్కన ఉంటే జీవితాంతం మరిచిపోని పాఠం.

వేపచెట్టు నీడ
సారూ, మీకు బుద్ధి ఉందా? తెరిచిన బోరు కాడికి పిల్లగాన్ని తోల్కపోయి పాఠం చెప్తరా?

రాడ్లబండి
అమ్మ చెప్పిందే నా మాట. ఒక్కసారి దగ్గర నిలబెడితే, రేపు ఇంకో బోరు కాడ వాడే నిలబడి రాయి వేస్తడు.

లెక్కల సారు
సరే, సరే. తండ్రి రాయి వేసి ఫోనులో శబ్దం రికార్డు చేసి ఇంటికి తేవచ్చు కదా. లెక్క ఇంట్లో చేసుకోవచ్చు. అందులో ప్రమాదం ఏముంది?

పానగల్లు_అమ్మ
అట్లనే చేసినం సార్. మా ఆయన రికార్డు తెచ్చిండు. రాయి వదిలినంక "బుడుంగ్" అనేదాక మూడు సెకన్లకు జర తక్కువ. మా ఆయన, కొడుకు ఇద్దరు డైనింగు టేబులు మీద ఫోను పెట్టి పది సార్లు విన్నరు. 120 ఫీట్ల కాడ నీళ్లు ఉన్నట్టట. మావోడు పుస్తకంల ప్రశ్న గుర్తు కొట్టేసి "నీళ్లు 120. లోతు తెల్వదు" అని రాసిండు. తర్వాత "820ల దుమ్ము, దీంట్ల 120కే నీళ్లు, మధ్యల ఒక్క గోడనే గదా" అని మొదలు పెట్టిండు. పగులు సంగతి సార్ చెప్పినట్టే చెప్పిన. ఎంత అర్థమైందో గని, ఇప్పుడు గోడల మీద పగుళ్లు చూస్తున్నడు.

ప్లాటు ఓనరు హైదరాబాదుల ఉంటడు. ఫోను చేస్తే మొదలు "మీకెందుకు" అన్నడు. మా కాలనీ పెద్దమనిషి ఫోను గుంజుకుని సుప్రీంకోర్టు అన్నంక మెత్తబడి, "నింపకండి, ఇల్లు కట్టుకున్నప్పుడు మోటరు దించుత" అన్నడు. అందుకని బోల్టుల మూత. మున్సిపాలిటీల కాయితం కూడ ఇచ్చినం.

మర్రిగూడ మనిషి
మూత ఎట్ల చేయించిండ్రు? మా ఊళ్ల ఇసొంటివి ఐదారు ఉన్నయ్.

పానగల్లు_అమ్మ
గేట్లు చేసే వెల్డింగు ఆయనతోనే. కేసింగు నేలకు సమానంగ ఉన్నది కాబట్టి చుట్టు తవ్వి, పైపు అంచుకు ఒక ఇనుప రింగు అతికిచ్చిండు, దాని మీద మందం పలక, నాలుగు బోల్టులు. బోల్టుల తలలకు పెయింటు వేసిండు, ఊరికే విప్పకుండ. దిమ్మె మేస్త్రీ పోసిండు. పైసలు గల్లీల అందరు తలా ఇంత వేసుకున్నం, డూప్లెక్స్ అంకుల్ అందరికన్న ఎక్కువ ఇచ్చిండు. 820 సంగతి ఇంట్ల చెప్పొద్దన్నడనుకుంట.

చిట్టి చేతులు
ఆసుపత్రికి వెళ్లారా అక్కా?

పానగల్లు_అమ్మ
పోయినం మేడం. ఆటలాడించి, బొమ్మలు చూపించి, మమ్మల్ని కూడ చాన సేపు అడిగిండ్రు. ఇప్పటికైతే కంగారు పడేది ఏం లేదన్నరు, ఆరు నెలలకు మళ్ల రమ్మన్నరు. రాతల జర వెనకబడ్డడట, అది చూసుకొమ్మన్నరు. వచ్చేటప్పుడు వీడు ఆ డాక్టరమ్మను "ఆసుపత్రి బోరు ఎన్ని ఫీట్లు" అని అడిగిండు. ఆమె వాచ్‌మన్‌ను పిలిచి కనుక్కుని చెప్పింది.

సందేహం శంకరం
మంచిది మేడం. ఆరు నెలలకు మళ్లీ వెళ్లడం మాత్రం మానకండి.

రాడ్లబండి
చెల్లె, వచ్చే ఆదివారం పానగల్లు రోడ్డుల మా బండి ఉన్నది. తమిళనాడు తిరుచెంగోడు బండి, టీఎన్ 34. రోడ్డుకు అవతలి దిక్కు, దుమ్ము పోయేదానికి ఎదురు దిక్కు నిలబెట్టు, అక్కడికెళ్లి రాడ్లు కనపడుతయ్. తడి ముద్దలు లోతు రాసి నేనే పక్కకు తీసి పెడ్త.

పానగల్లు_అమ్మ
టీఎన్ 34 అని చెప్పంగనే "తిరుచెంగోడు" అన్నడు అన్నా, మీ లారీల మీది నంబర్లన్ని వానికి తెలుసు. వస్తం. చెవులకు పెట్టే మఫ్‌లు చిన్న పిల్లల సైజు నల్గొండల ఎక్కడన్న దొరుకుతయా? హార్డ్‌వేరు షాపుల అడిగితే పెద్దోళ్లవే చూపిస్తున్నరు.

పాలమూరి పిల్ల
షాపులల్ల దొరకవు అక్కా, ఆన్‌లైన్‌ల పిల్లలవి అని వెతుకు. ఆదివారానికి రాకపోతే పెద్దోళ్లదే కొని, తల మీది పట్టీకి టవలు ముక్క చుట్టు, బిగుతుగ కూసుంటది.